పేరు చివర అమ్మ

పొద్దున్న ఆరుంబావు. కాలవగట్టు మీద పల్లెవెలుగు బస్సు లైట్లు కనబడగానే మా ఆవిడ బ్యాగు జిప్పు లాగి ఆధార్ కార్డు చేతిలో పట్టుకుంది. 2025 ఆగస్టు 15 నుంచి మన రాష్ట్రంలో ఆడవాళ్లకి బస్సు ఊరికే. అప్పట్నించీ ఇల్లు కదిలితే చెప్పులకన్నా ముందు కార్డు చూసుకుంటోంది. కండక్టరు ఒక చూపు చూసి, మిషను నొక్కి, సున్నా టిక్కెట్టు చింపి ఆవిడ చేతిలో పెట్టాడు. నా వైపు తిరిగాడు.

"నాకూ ఉందయ్యా ఒక కార్డు," అని జేబులోంచి తీశాను.

సరదాకే. దానికి బస్సులో విలువ లేదని నాకూ తెలుసు. మాజీ సైనికుడి గుర్తింపు కార్డు. పదమూడేళ్లనాటిది. లామినేషను అంచులు ఊడి లోపలికి చెమట దిగింది. స్టాంపు సిరా పాకి ఫోటో మీదికెక్కింది. మీసం మిగిలింది, మొహం పోయింది.

కండక్టరు దాన్ని బస్సు దీపం కిందకి ఎత్తి చూశాడు. "మీసం మీదేనండి," అన్నాడు. "జిల్లా కేంద్రానికి ఒకటేగా?" అని టిక్కెట్టు కొట్టి డబ్బులు తీసుకున్నాడు.

ఆ పోయిన మొహం కోసమే ఈ ప్రయాణం.

తెల్లవారుతోంది. మంచు ఇంకా చేల మీదే ఉంది. అక్టోబరు చివర మొంథా తుఫానుకి ఒరిగిన వరి కొన్నిచోట్ల అలాగే పడి ఉంది. మెరక చేలల్లో మాత్రం కంకి రంగు తిరిగింది. మా ఆవిడ చేల వైపే చూస్తూ ఎవరిది ఎంత పోయిందో లెక్క చెబుతోంది. నేను ఎడమ పక్కన కూర్చున్నాను కాబట్టి సరిపోయింది. నా ఎడమ చెవి గన్‌కి ఇచ్చేశాను, కుడి చెవే ఇంట్లోవాళ్లది.

ఒళ్లో రెక్సిన్ సంచి. అందులో డిశ్చార్జి బుక్కు, పీపీఓ అనే పింఛను ఉత్తర్వు, ఒకే ర్యాంకు ఒకే పింఛను వచ్చాక దాని మీద వచ్చిన కొరిజెండం అనే సవరణ కాగితం, పింఛన్లు స్పర్శ్ అనే ఆన్‌లైన్ పద్ధతిలోకి మారాక ఇచ్చిన ఈ-పీపీఓ, ఇద్దరి ఆధార్లు, బ్యాంకు పుస్తకం, పాస్‌పోర్టు సైజు ఫోటోలు ఎనిమిది, ఇద్దరం కలిసి తీయించుకున్న జాయింట్ ఫోటో నాలుగు కాపీలు. అన్నిటికీ మూడేసి సెట్ల జిరాక్సులు. రెండు సెట్లు చాలన్నారు గానీ ఇరవై నాలుగేళ్లు ఫౌజులో ఉన్నవాడికి మూడు కాపీలు లేకుండా చెయ్యి కదలదు. సంచి అడుగున పెరుగన్నం డబ్బా, దాని మూతలో ఆవకాయ.

సర్వీసులో ఉన్నప్పుడు ఐ-కార్డు పోగొట్టుకుంటే నేరం. ఎంక్వైరీ వేస్తారు, శిక్ష పడుతుంది. స్నానానికి వెళ్లినా లుంగీ మడతలో పెట్టుకునేవాళ్లం. 2012 లో డిశ్చార్జి నాడు బూట్లు, దుప్పట్లు, మెస్ టిన్నులు ఒక్కొక్కటే అప్పజెప్పి సంతకాలు తీసుకుంటుంటే ఏమీ అనిపించలేదు. చివర్న ఐ-కార్డు బల్ల మీద పెట్టాను. క్లర్కు దాన్ని సొరుగులో పడేసి క్లియరెన్సు కాగితం మీద ముద్ర కొట్టాడు. ట్రంకుపెట్టెతో గేటు దగ్గరికి వస్తే సెంట్రీ కుర్రాడు ఆపి, "ఐ-కార్డ్?" అన్నాడు. వాడికి నేనే ఆ పోస్టు మీద ఎలా నిలబడాలో నేర్పాను. నవ్వుతాడేమోనని చూశాను. నవ్వలేదు. సరిగ్గానే నేర్పాను కాబోలు.

ఆ తర్వాత ఊరొచ్చి, జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయంలో పేరు నమోదు చేయించుకుంటే ఇచ్చిందీ కార్డు. ఇప్పుడు దీన్ని మార్చుకోవాలి.

*

తొమ్మిదిన్నరకే ఆవరణ నిండిపోయింది. వేపచెట్టు చుట్టూ సిమెంటు అరుగు, దాని మీద తలా ఒక ప్లాస్టిక్ కవరు. కవర్లు లెక్కపెడితే ఎంతమంది మాజీ సైనికులున్నారో చెప్పొచ్చు. కవరు లేనివాడు తోడు వచ్చినవాడు. లోపల గోడ మీద డిసెంబరు 7 సాయుధ దళాల పతాక దినం పోస్టరు అప్పుడే అంటించారు. కింద స్టూలు మీద చందా డబ్బా. 1949 నుంచీ ఉన్న ఆనవాయితీ. చిన్నప్పుడు బళ్లో పావలా ఇస్తే చొక్కాకి గుండుసూదితో కాగితం జెండా గుచ్చేవారు. ఆ పావలా ఎక్కడికి వెళ్తుందో అప్పుడు ఎవరూ చెప్పలేదు.

"రామ్ రామ్ సాబ్."

తిరిగి చూస్తే తెల్ల చొక్కా, నలిగిన ప్యాంటు, అద్దంలా మెరుస్తున్న బూట్లు. ఆ బూట్లు చూస్తే ఇంక మనిషిని అడగక్కర్లేదు. ఇద్దరం గోదావరి జిల్లాల వాళ్లమే. అయినా మొదటి నాలుగు మాటలూ హిందీలోనే నడుస్తాయి. ఏ సెంటరు, ఏ రెజిమెంటు, ఎప్పుడు భర్తీ, ఎప్పుడు పెన్షను. ఆ లెక్కలు తేలాకే తెలుగు వస్తుంది. ఆయనది మద్రాస్ రెజిమెంట్, వెల్లింగ్టన్ సెంటరు. నాది తోపఖానా, గోల్కొండ. ఆయన ఊరు మాధవరం.

తాడేపల్లిగూడెం దగ్గర మాధవరం అంటే ఈ ఆఫీసులో అందరూ కాస్త జరిగి చోటిస్తారు. మిలిటరీ మాధవరం అనే పిలుస్తారు దాన్ని. మొదటి ప్రపంచ యుద్ధం నాటినుంచీ మనుషుల్ని పంపుతున్న ఊరు. అక్కడ పిల్ల సంబంధానికి వెళ్తే కుర్రాడు ఏ రెజిమెంటని అడుగుతారట. మా ఊళ్లో అలా కాదు. మేం మొత్తం నలుగురం. నన్ను "మిలిటరీ బాబాయి" అంటారు గానీ అందులో గౌరవం పాలు సగమే, మిగతా సగం క్యాంటీన్ కోటా మీద ఆశ. నా సర్వీసు ఎన్నేళ్లో ఊళ్లో ఒక్కడికీ తెలీదు. నెలకి ఎన్ని సీసాలో మాత్రం పిల్లలకి కూడా తెలుసు.

"మా మనవడు అగ్నివీర్," అన్నాడాయన. "రెండో ఏడు."

నేనేమీ అనలేదు. 2022 లో వచ్చిన ఆ పద్ధతిలో నాలుగేళ్లు చేయించుకుని నూటికి పాతిక మందినే ఉంచుకుంటారు. బయటికొచ్చిన మిగతావాళ్లకి పింఛను లేదు, మాజీ సైనికుడి హోదా లేదు. అంటే ఈ వేపచెట్టు కింద కవరు పట్టుకుని కూర్చునే పని కూడా వాళ్లకి ఉండదు. ఆయనకీ తెలుసు ఆ సంగతి. బూటు మీద పడిన వేపాకుని వేలితో తీసేశాడు.

టోకెను పిలిచేదాకా డిశ్చార్జి బుక్కు తీసి మరోసారి చూసుకున్నాను. దీనికి పిల్లల పుస్తకాలకి వేసినట్టు అట్ట వేసి పెట్టింది మా ఆవిడ. ఒకడి ఇరవై నాలుగేళ్లు ఇందులో కొన్ని పేజీలు. భర్తీ అయిన తేదీ, 1988. పుట్టుమచ్చలు రెండు, ఒకటి ఎడమ దవడ మీద, ఒకటి కుడి మోచేతి కింద. ఎత్తు. నెత్తురు గ్రూపు. పతకాల పేజీలో ఓపీ విజయ్ స్టార్ అని చేతిరాత. నడవడిక అనేచోట "ఎగ్జెంప్లరీ" అని ఉంది. ఈ మాట నా గురించి ఇంట్లో ఎవరూ ఎప్పుడూ అనలేదు, కాగితం మీద ఉంది కాబట్టి నమ్ముతున్నాను. కుటుంబ వివరాల పేజీ తిప్పబోతుంటే పక్కనుంచి పిలుపు.

"బాబూ, ఈ ఫారం కాస్త నింపి పెడతావా?"

ఎనభైకి దగ్గర్లో ఉంటుంది. తెల్లచీర, చేతిలో బట్టల కొట్టువాళ్లిచ్చే సంచి. వాళ్లాయన 1971 యుద్ధం చేశాడట, పోయి ఏడేళ్లు. కుటుంబ పింఛను వస్తోంది. వితంతువు కార్డు పాడైందని వచ్చింది. మనవడు దింపి కాలేజీకి పోయాడు.

"ఇవ్వండి మామ్మగారూ," అని పెన్ను తీశాను. "ఆయన ఆర్మీ నంబరెంత? పుస్తకం ఉందా?"

పుస్తకం కోసం సంచిలో చెయ్యి పెట్టలేదావిడ. తల పైకెత్తి, కళ్లు చెట్టు మీద పెట్టి, ఇంగ్లీషు అంకెలు ఒకటి వెనక ఒకటి గడగడా చెప్పేసింది. నేను మొదటి మూడే రాయగలిగాను.

"మెల్లిగా చెప్పండి," అన్నాను.

"మెల్లిగా రాదు బాబూ. ఒక్క ఊపున అయితేనే వస్తుంది." మళ్లీ మొదట్నించీ చెప్పింది. అయిదోసారికి పూర్తిగా రాశాను. తర్వాత పుస్తకం తీసి చూస్తే ఒక్క అంకె తేడా లేదు.

"ఇంగ్లీషు చదువుకున్నారా?"

"తెలుగే రాదు నాకు. పోస్టుమేస్టరుగారి అబ్బాయి చేత ఉత్తరాలు రాయించేదాన్ని. లోపల ఏం రాశాడో ఏమో గానీ పైన అడ్రసు మాత్రం నేనే చెప్పేదాన్ని. నంబరు, పేరు, యూనిట్టు, కేరాఫ్ 56 ఏపీఓ. అడ్రసు తప్పితే ఉత్తరం అందదు కదా."

పెదాలు బిగించి కాసేపు ఊరుకుని, "ఆ 56 ఏపీఓ అంటే పెద్ద ఊరనుకునేదాన్ని," అంది. "ఒక్కసారి తీసుకెళ్లి చూపించమని గొడవపెట్టా మా ఆయన్ని."

మా ఆవిడ పకపకా నవ్వింది. తనూ అదే అడిగింది నన్ను, పెళ్లైన కొత్తలో. 56 ఏపీఓ ఊరు కాదు, ఫౌజు తపాలా గుర్తు. యూనిట్టు మంచుకొండల్లో ఉన్నా ఎడారిలో ఉన్నా ఉత్తరం మీద మాత్రం అదే. ఎక్కడున్నామో ఎవరికీ తెలియకూడదని ఆ ఏర్పాటు. ఇంట్లోవాళ్లకి కూడా.

*

"ముప్ఫై ఏడు!"

నాకు వినబడలేదు. మా ఆవిడ మోచేత్తో పొడిచింది.

కౌంటరు వెనక కూర్చున్న కుర్రాడు మర్యాదస్తుడు. కాగితాలు ఒక్కొక్కటే తీసి, ఒరిజినల్ పక్కన జిరాక్సు పెట్టి, పెన్సిలుతో టిక్కు పెడుతున్నాడు. నా పేరు, టిక్కు. నా నంబరు, టిక్కు. పుట్టిన తేదీ, టిక్కు. ర్యాంకు హవల్దార్, టిక్కు. కుటుంబ వివరాల పేజీకి వచ్చి పెన్సిలు ఆగింది. ఆధార్ చూశాడు. మళ్లీ పుస్తకం చూశాడు.

"సార్, మేడంగారి పేరు తేడాగా ఉందండి."

"ఎంత తేడా?"

"చివర అమ్మ లేదండి ఇందులో."

పుస్తకం నా వైపు తిప్పాడు. నిజమే. ఆధార్‌లో, బ్యాంకులో, రేషన్ కార్డులో, ఓటరు జాబితాలో మా ఆవిడ పేరు చివర అమ్మ ఉంది. మా మామగారు తన తల్లి పేరు పెట్టుకున్నారు, అమ్మతో సహా. డిశ్చార్జి బుక్కులో లేదు. పీపీఓలో లేదు. ఈ-పీపీఓలోనూ లేదు. పదమూడేళ్లుగా నా బీరువాలోనే ఉంది ఈ పుస్తకం. పతకాల పేజీ, నడవడిక పేజీ వందసార్లు చూసుకున్నవాణ్ణి, పెళ్లాం పేరు మాత్రం చివరిదాకా చదవలేదు.

మా ఆవిడ వంగి చూసింది. "ఇద్దరు పిల్లల్ని కన్నాక కూడా మీ మిలిటరీవాళ్లు నన్ను అమ్మని కానివ్వలేదన్నమాట," అంది.

కౌంటరు కుర్రాడు నవ్వు ఆపుకోడానికి స్టాప్లర్ వెతుక్కున్నాడు.

ఎప్పుడు జరిగిందో నాకు వెంటనే గుర్తొచ్చింది. 1996, పెళ్లి సెలవు ముగించుకుని యూనిట్‌కి తిరిగెళ్లిన రెండో రోజు. పెళ్లయినా, పిల్ల పుట్టినా ఫౌజులో అది పార్ట్ టూ ఆర్డరులో పడాలి. పడకపోతే సర్కారు లెక్కలో పెళ్లి కానట్టే. టెంటులో ఆఫీసు. క్లర్కుది ఉత్తరాది. పెట్రోమాక్సు వెలుగులో టైపు మిషను ముందు కూర్చుని, "బీవీ కా నామ్?" అన్నాడు. చెప్పాను. వేళ్లు ఆగాయి. "అమ్మా? అమ్మా మత్‌లబ్ మా హై న?" అన్నాడు. అవునన్నాను. "అరే, మా కా నామ్ నహీ, బీవీ కా నామ్ బోల్!" అని కసిరాడు. కాదు సాబ్, మా వైపు పేర్లు ఇలాగే ఉంటాయని చెప్పబోయాను. వెనక పదిమంది లైనులో ఉన్నారు, సాయంత్రం పెరేడ్ టైము అయింది. ఆయన ముందు ముక్క కొట్టి, వెనక ముక్క వదిలేసి, నా చేత సంతకం పెట్టించుకున్నాడు. నాకప్పుడు ఇరవై ఆరేళ్లు. కొత్త పెళ్లికొడుకుని. ఆ రెండక్షరాల కోసం క్లర్కుతో పేచీ పెట్టుకుంటే వచ్చే సెలవు ఏమైపోతుందోనన్న భయం ఎక్కువ.

ఆ ఒక్క కాగితం నుంచి తప్పు రికార్డులోకి ఎక్కింది. రికార్డు నుంచి డిశ్చార్జి బుక్కులోకి, అక్కణ్ణుంచి పీపీఓలోకి, ఇప్పుడు కంప్యూటర్లోకి దిగింది. వరిచేలో తుంగ వేరులాంటిది. పైన కోస్తే పోదు.

"మీ కార్డు వరకూ ఇచ్చేస్తాం సార్," అన్నాడు కుర్రాడు. "మేడంగారి కాలమ్ పేరు సరిచేయించాక ఎక్కిద్దాం. లేదంటే అంతా ఒకేసారి చేసుకుంటానన్నా పర్లేదు."

"మీది తీసుకోండి," అంది మా ఆవిడ. "క్యాంటీన్‌కి పనికొస్తుంది. ఊళ్లో మీ అభిమానులు ఎదురు చూస్తుంటారు."

నేను చెట్టు వైపు చూశాను. అరుగు మీద మామ్మగారు సంచి ఒళ్లో పెట్టుకుని కూర్చునుంది. ఆయన పోయినప్పుడు ఆవిడ పేరు అన్ని కాగితాల్లోనూ ఒకేలా ఉండబట్టి సరిపోయింది. లేకపోతే అప్పుడు తిరగాల్సింది ఆవిడే, ఒక్కతే. పింఛనుదారు బతికుండగా పేరు దిద్దించుకోవడం వేరు, పోయాక అతని పెళ్లాన్ని నేనేనని ఆవిడ రుజువు చేసుకోవడం వేరు.

"అంతా ఒకేసారి చేయించుకుంటాను," అన్నాను. "ఏం కావాలి?"

కుర్రాడు చిన్న కాగితం మీద రాసిచ్చాడు. ఈ పేరూ ఆ పేరూ ఒకే మనిషివని నోటరీ దగ్గర ఇద్దరి అఫిడవిట్. ఒక తెలుగు పేపర్లో, ఒక ఇంగ్లీషు పేపర్లో ప్రకటన. ఆధార్, జాయింట్ ఫోటో. ఇవన్నీ కలిపి అర్జీ పెడితే ఈ ఆఫీసు ద్వారా నాసిక్ రోడ్ క్యాంపులోని ఆర్టిలరీ రికార్డ్స్‌కి వెళ్తుంది. అక్కడ దిద్దాక పీపీఓకి కొరిజెండం రావాలి. అప్పుడు ఈ కార్డు.

బయటికొస్తూ ఒక సంగతి గుర్తొచ్చింది. 1999 యుద్ధంలో ద్రాస్‌లో మేం కాల్పులు జరిపిన కొండల్లో ఒకదాని పేరు అప్పటికి ఉత్త అంకె, పాయింట్ 5140. ఆ యుద్ధంలో మా తోపఖానా పేల్చిన గుళ్లు మొత్తం రెండున్నర లక్షలంటారు. 2022 జూలైలో ఆ కొండకి గన్ హిల్ అని పేరు పెట్టారు, గన్నర్ల గౌరవార్థం. టీవీలో చూసి నేనూ కళ్లు తుడుచుకున్నాను. కొండ పేరు మార్చడానికి ఇరవై మూడేళ్లు పట్టింది. మా ఆవిడ పేరు తప్పు పడి ఇరవై తొమ్మిదేళ్లు. కొండకన్నా ఆవిడే సీనియరు.

*

అన్నం తిన్నాక రెండో పని. నవంబరు కదా, లైఫ్ సర్టిఫికెట్. ఎనభై దాటినవాళ్లకి అక్టోబరు ఒకటి నుంచే తీసుకుంటారు, మిగతావాళ్లం నవంబరులో. బతికున్నామని ఏడాదికోసారి చెప్పుకోకపోతే పింఛను ఆగిపోతుంది. ఒకప్పుడు బ్యాంకుకి వెళ్లి మేనేజరు ముందు నిలబడితే సరిపోయేది. 2014 నుంచి జీవన్ ప్రమాణ్ అనే ఆన్‌లైన్ పద్ధతి వచ్చింది.

ఆఫీసు ఎదురుగా జిరాక్సు కొట్టూ, ఆన్‌లైన్ సెంటరూ ఒకటే. లోపల ఇరుకు, ఇంకు వాసన, గోడకి దేవుడి పటం కింద వేలిముద్రల మిషను. అమ్మాయి నా ఆధార్ నంబరు కొట్టింది.

"వేలు పెట్టండి అంకుల్."

పెట్టాను. ఎర్రలైటు. తుడిచి పెట్టాను. మళ్లీ ఎర్ర. చూపుడువేలు, మధ్యవేలు, ఎడమ చెయ్యి, కుడి చెయ్యి. తలకి కాస్త కొబ్బరినూనె రాసుకుంటాను కదా, అక్కడ రుద్దుకుని పెట్టమంది. పెట్టాను. ఎర్ర. పదమూడేళ్ల నుంచి పార పట్టుకుంటున్నాను, అంతకుముందు ఇరవై నాలుగేళ్లు నలభై కిలోలు దాటిన గుళ్లు ఎత్తాను. వేళ్ల మీద గీతలు ఏ పనిలో అరిగిపోయాయో నాకు లెక్క లేదు.

"పోనీలెండి, ఫేస్ పెడదాం," అని ఫోను తీసింది. 2021 నుంచి మొహం చూపించినా చాలు. నన్ను తలుపు దగ్గర వెలుతుర్లో నిలబెట్టి, ఫోను మొహానికి జానెడు దూరంలో పట్టుకుంది. తెర మీద గుండ్రటి గీతలో నా మొహం. పొద్దున కార్డులో పోయిన మొహమే, తలమీద జుట్టు తగ్గింది, మీసం తెల్లబడింది.

"కళ్లు ఆర్పండి అంకుల్."

నేను ఆర్పలేదు.

గోల్కొండలో మా ఉస్తాద్ ఒక హర్యానా హవల్దార్. మొదటిసారి గన్ పేల్చినప్పుడు మేం రిక్రూట్లం అందరం కళ్లు గట్టిగా మూసేసుకున్నాం. ఆయన లైను పొడుగునా నడిచి ఒక్కొక్కడి మొహంలో మొహం పెట్టి "ఆంఖ్ ఖోల్!" అని అరిచాడు. పదో గుండుకి సగంమంది తెరిచారు. యాభయ్యో గుండుకి అందరం తెరిచాం. ఆ తర్వాత ఎదురుగా ఏదైనా పెట్టి "రెడీ" అంటే నా రెప్ప దానంతటదే బిగుసుకుపోతుంది. ద్రాస్‌లో రాత్రంతా గన్ దగ్గర అలాగే ఉన్నాను.

"అంకుల్, ఒక్కసారి రెప్ప వెయ్యండి. లేకపోతే ఫోటో అనుకుంటుంది."

"బతికున్నట్టు దానికి తెలియాలంటే రెప్పెయ్యాలంటండీ," అని వెనకనుంచి మా ఆవిడ. "వేసెయ్యండి, ఎవరూ ఏమీ అనరు."

వేశాను. ఫోను టింగుమంది. మరో ఏడాది బతకడానికి కాగితం వచ్చింది. దాని మీద ప్రమాణ్ ఐడీ ఉంది. అమ్మాయి ప్రింటు తీసి ఇచ్చింది. ఒక కాపీ అడిగితే మూడు ఇచ్చింది, అడక్కుండానే. వాళ్ల నాన్న కూడా ఫౌజీ అయి ఉండాలి.

*

నోటరీగారి బల్ల కోర్టు గోడ పక్కన, పెద్ద గొడుగు కింద. స్టాంపు పేపరు మీద టైపు చేసిన అఫిడవిట్ చదివి వినిపించాడు. ఫలానా రికార్డులో ఫలానా విధముగా ఉన్న పేరు, ఆధార్‌లో ఫలానా విధముగా ఉన్న పేరు, రెండూ ఒకే వ్యక్తివని ప్రమాణపూర్వకముగా తెలియజేసుకుంటున్నాను.

"పేపర్లో కూడా వేయించాలి," అన్నాను మా ఆవిడతో.

"ఫోటో వేస్తారా?"

"వెయ్యరు. చిన్న అక్షరాల్లో రెండు ముక్కలు."

"ఫోటో లేకుండా ఎవరు చూస్తారు? మా అన్నయ్యకి చూపిద్దామంటే భూతద్దం కావాలన్నమాట." పెన్ను తీసుకుంది. "ఎక్కడ?"

నోటరీగారు వేలితో చూపించాడు. ఆవిడ సంతకం ఎప్పుడూ పూర్తి పేరే, తెలుగులో, గుండ్రంగా. పంచాయతీలో పొదుపు సంఘం పుస్తకం మీదా అదే, పిల్లల ప్రోగ్రెస్ కార్డు మీదా అదే. ఇవాళ మరీ నెమ్మదిగా రాసింది. అమ్మలో మ కింద ఒత్తు పెట్టేటప్పుడు కాగితం కాస్త చిరిగేంత గట్టిగా నొక్కింది. నోటరీగారు బ్లాటింగ్ అద్దబోతే, "ఆరనివ్వండి," అంది.

నా సంతకం నేను ఇంగ్లీషులో గీకాను. ఒక్క సెకను.

సాయంత్రం బస్సు అదే, కండక్టరూ అతనే. మమ్మల్ని చూసి గుర్తుపట్టాడు. సీటు చూపించి మిషను పట్టుకుని వచ్చాడు.

"ఏమండీ, మొహం వచ్చిందా కార్డులోకి?"

"ఇంకా లేదయ్యా. పేరు దగ్గర ఆగింది."

"మీ పేరా?"

"నా పేరు," అంది మా ఆవిడ. ఆధార్ తీసి అతని కళ్లకి దగ్గరగా పెట్టి, బొటనవేలితో చివరి అక్షరాల కింద గీత గీసినట్టు చూపించింది. "ఇదిగో, ఇక్కడ చదువు బాబూ. అమ్మ ఉందా, లేదా?"

కండక్టరు వంగి, కూడబలుక్కుని చదివాడు. "ఉందమ్మా," అన్నాడు, మిషను నొక్కుతూ.